తమ్ముడికి చదివిన గుర్రాల పుస్తకాలు

మా తమ్ముడు నా ఇంటికి వచ్చేసిన రోజు రెండు సంచులు తెచ్చుకున్నాడు. ఒకదాంట్లో బట్టలు, షుగరు మాత్రలు. రెండోది యూరియా గోతం. దాని నిండా పుస్తకాలు. కళ్లు కనపడని మనిషి దుత్తలూరు నుంచి ఆత్మకూరు దాకా పుస్తకాల గోతాన్ని ఒళ్లో పెట్టుకుని బస్సులో రావడం చూసి నాకు ఒళ్లు మండింది.

“ఇవెందుకురా నీకు? పాత పేపర్లోడికి వేసుంటే పోయేది గదా?” అన్నాను.

“వాటి జోలికి పోబాక అక్కా. ఒక పూట కూడు తక్కువ పెట్టు, ఏమనుకోను. అవి మాత్రం ఉండనీ.”

నాది రెండు గదుల ఇల్లు, ముందు రేకుల వరండా. మా ఆయన పోయాక ఒక్కదాన్నే ఉంటున్నాను. కూతురు నెల్లూరులో ఉంటుంది. తమ్ముడి భార్య ఏనాడో పోయింది. పిల్లలు లేరు. వాడిని చూసుకోవడానికి నేను తప్ప ఇంకెవరూ లేరు కాబట్టి వాడికి లోపలి గదిలో మంచం వేశాను. గోతాన్ని మంచం కిందికి తోశాను.

ఆ పుస్తకాలు అరచేతిలో ఇమిడిపోయేంతవి. అట్టల మీద పెద్ద టోపీ పెట్టుకున్న మనిషి, గుర్రం, తుపాకి. ఏ పుస్తకం తీసినా ఆ మూడే. నేను వాటిని గుర్రాల పుస్తకాలు అనేదాన్ని. వాడు మీసాలు రాని వయసు నుంచి ఆత్మకూరు బస్టాండులో బంకు దగ్గర వాటిని కొనేవాడు. ఉదయగిరి బస్సు కదిలేలోపే నాలుగో వంతు చదివేసేవాడు. చేలో కాపలా కూర్చున్నా చేతిలో అదే. మా నాయన చూసి, “గుర్రం మొహం చూసినోడు ఒక్కడు లేడు ఈ ఊర్లో. నీకు గుర్రాల పుస్తకాలేందిరా?” అని తిట్టేవాడు. వాడు తల ఎత్తేవాడు కాదు.

వాడి కళ్లు ఎట్లా పోయాయో ముందు చెప్పాలి.

మా పుట్టిన ఊరికి పోవాలంటే దుత్తలూరు దాటాక ఉదయగిరి రోడ్డులో దిగి లోపలికి నడవాలి. అన్నీ మెట్ట భూములు. వాన పడితే కంది, సజ్జ. పడకపోతే బీడు. తమ్ముడి మూడెకరాల చేను ఊరికీ చెరువుకూ మధ్యలో ఉంది. ఊరి చివర ఒక ఇంటివాళ్లకు మేకల మంద ఉండేది. మా తాతల కాలం నుంచీ ఆ మేకలు మా చేని గట్టు వెంబడి పోయి చెరువులో నీళ్లు తాగి వచ్చేవి. పోతూ పోతూ కంది కొసలు కొరికేవి. ఐదేళ్ల కిందట తమ్ముడు రాతి స్తంభాలు నాటించి, ముళ్లతీగ లాగించి ఆ దోవ మూసేశాడు. దాంతో మేకలు చెరువు చేరాలంటే గుట్ట చుట్టూ తిరిగి పోవలసి వచ్చింది. వాళ్లు పెద్దమనుషుల దగ్గరికి పోయారు. పెద్దమనుషులు కాగితాలు చూసి, కాగితంలో దోవ లేదు, భూమి ఇతనిది, మేం చెప్పేదేముందన్నారు.

ఆ ఇంటి కొడుకు అప్పుడు ఆటో తోలుతుండేవాడు. పాతికేళ్ల వయసు, కొత్తగా పెళ్లయింది. ఒక పొద్దున కటింగ్ ప్లేయర్ తెచ్చి మా కంచె తీగను తెంచసాగాడు. తమ్ముడు వెనక నుంచి వచ్చి కర్రతో వాడి వీపు మీద రెండు దెబ్బలు వేశాడు. వాడు పరుగెత్తాడు. పరుగెత్తినవాడు అట్లాగే పోయి ఉంటే బాగుండేది. కాస్త దూరంలో ఆగి, వెనక్కి తిరిగి, రాయి తీసి విసిరాడు. అది మా వాడి ఎడమ కంటికి తగిలింది. నెల్లూరు తీసుకుపోతే ఆ కన్ను తీసేయవలసి వచ్చింది. కుడి కంట్లో అప్పటికే షుగరు చేరి ఉంది. ఏడాదిన్నరలో అదీ మసకబారి, తలుపు తీసి ఉందా మూసి ఉందా అన్నంత మాత్రమే తెలిసేది. కుడి కంటికీ ఆ రాయికీ సంబంధం లేదని డాక్టరు చెప్పాడు. తమ్ముడు వినలేదు. ఆ ఒక్క రాయే తన రెండు కళ్లూ తీసిందని వాడి నమ్మకం.

తమ్ముడు కేసు పెట్టాడు. ఆత్మకూరు కోర్టులో వాయిదాల మీద వాయిదాలు పడుతూ ఉండేవి. మా ఊళ్లలో ఒక కట్టు ఉంది. రెండు ఇళ్ల మధ్య కేసు నడుస్తుంటే, అది తెగేదాకా ఒకరింట ఒకరు మంచినీళ్లు ముట్టరు. చావు జరిగితే వస్తారు, దూరంగా నిలబడి చూసి మాట్లాడకుండా పోతారు. పెళ్లికి ఆ మాత్రం కూడా రారు. తుపాకులూ కత్తులూ ఏమీ ఉండవు. అయినా ముప్ఫై ఏళ్లు అట్లా ఉండిపోయిన ఇళ్లు నాకు తెలుసు.

తమ్ముడు వచ్చిన వారానికే, మధ్యాహ్నం భోజనం అయ్యాక మెల్లగా అడిగాడు.

“అక్కా, ఒక పుస్తకం చదివి వినిపిస్తావా?”

“నాకు చదువు యాడ వచ్చురా?”

“మూడో తరగతి దాకా పోయినావు గదా. క్యాలెండరు చదువుతావు, బస్సు బోర్డు చదువుతావు. ఇదీ అంతే.”

మూడో తరగతి మధ్యలోనే నన్ను మాన్పించారు. వీడు అప్పుడు పసిబిడ్డ. అమ్మ కూలికి పోతే వీడిని ఎత్తుకోవడానికి మనిషి కావాలి. ఆ సంగతి వాడికి గుర్తు చేయలేదు. ఊరికే కూర్చోవడం నాకు చేతకాదు కనుక కళ్లద్దాలు తగిలించుకుని, ఒడిలో చాట పెట్టుకుని, కందిపప్పులో రాళ్లు ఏరుకుంటూ, ఎదురుగా పుస్తకాన్ని చెంబుకు ఆనించి, వేలు పెట్టి ఒక్కో అక్షరం కూడబలుక్కుంటూ చదవడం మొదలుపెట్టాను. పేజీ తిప్పాలంటే పప్పు వదిలేయాలి. ఒక పేజీకి అరగంట పట్టింది. వాడు విసుక్కోలేదు. నేను ఒత్తు దగ్గర ఆగితే వాడే పూర్తి చేసేవాడు.

అందులోని పేర్లు నా నోటికి తిరగలేదు. అందుకని అందరికీ నేనే పేర్లు పెట్టాను. టోపీవాడు, మీసాలవాడు, పొడుగోడు, కుంటోడు. వాడు నవ్వి ఊరుకున్నాడు. మొదట్లో నాకు ఇంకో తికమక ఉండేది. ప్రతి కథలోనూ సెలూన్‌లోకి పోయి తాగుతారు, కొట్టుకుంటారు. క్షవరం చేయించుకునే చోట ఈ తాగుడేందిరా అని అడిగితే, అది వాళ్ల సారాకొట్టు అక్కా అంటూ వాడు పొట్ట పట్టుకుని నవ్వాడు. కళ్లు పోయాక వాడు అంతగా నవ్వడం అదే మొదటిసారి.

కథలన్నీ ఒకటే. ఒకడి తండ్రిని చంపుతారు, లేదా కొట్టం తగలబెడతారు, లేదా మందను తోలుకుపోతారు. వాడు పెరిగి పెద్దవాడై, తుపాకి గురి నేర్చుకుని, ఆ పని చేసిన నలుగురినో ఐదుగురినో ఒక్కొక్కరిని వెతుక్కుంటూ పోతాడు. ఎండలో, దుమ్ములో, ఏళ్ల తరబడి. చివరివాడు దొరికేసరికి పుస్తకం అయిపోతుంది.

“వీడికి పెళ్లాం లేదంట్రా?” అని అడిగాను ఒకసారి.

“ఉన్నింది. మొదటి పేజీలోనే చంపేసినారు.”

“ఏ పుస్తకం చూసినా పెళ్లాన్ని మొదటి పేజీలోనే చంపేస్తారేంది? మరి వీడికి కూడు ఎవురు వండేది?”

“డబ్బాలో చిక్కుళ్లు వేడి చేసుకొని తింటాడు.”

“పదేళ్లు చిక్కుళ్లేనా! మరి చేను?”

“ఏం చేను అక్కా?”

“వాడి నాయన చేను. వీడు పదేళ్లు గుర్రం మీద తిరిగితే దాన్ని ఎవురు దున్నినారు? కంప మొలిచి పోయుంటాది. పగ తీర్చుకొని తిరిగొచ్చి ఏం తింటాడు?”

“నీకు కథ అక్కర్లేదు. కంది ఎన్ని బస్తాలైందో కావాల,” అన్నాడు.

ఇంకో పుస్తకంలో ఏటికి ఆ గట్టున ఒక కుటుంబం, ఈ గట్టున ఒక కుటుంబం. తాతలనాడు మొదలైన పగ. మనవళ్లు చంపుకుంటూ ఉంటారు. ఎందుకు మొదలైందో ఇంట్లో ఎవరికీ తెలియదు. తెలిసిన ముసలామెను ఎవరూ అడగరు. ఆమె ఒక మూల కూర్చుని కుట్టుపని చేసుకుంటూ ఉంటుంది. పుస్తకం మొత్తంలో ఆమె మాట్లాడింది రెండు ముక్కలు. ఈ ముసల్దానికి నోరు లేదా, తనే ముందు చెప్పొచ్చు గదా అని నాకు కోపం వచ్చింది. ఆ పుస్తకం రాసినవాడికి ముసలివాళ్ల సంగతి తెలియదనుకున్నాను.

ఒప్పుకోవలసిన మాట ఒకటుంది. నాకూ రుచి మరిగింది. గిన్నెలు తోమేటప్పుడు కూడా మీసాలవాడు దొరికాడా లేదా అన్న ధ్యాసే. వాడు చివరికి దొరికి, టోపీవాడి ఎదురుగా నిలబడి, ఇద్దరూ ఒకరి కళ్లలోకి ఒకరు చూసుకున్నప్పుడు నేను పప్పు ఏరడం ఆపేసి గట్టిగా చదివేదాన్ని. చచ్చాడన్న ముక్క రాగానే తమ్ముడు మంచం పట్టె మీద చేత్తో కొట్టేవాడు. నేను హమ్మయ్య అనుకునేదాన్ని. మా ఇద్దరికీ అప్పుడు ఎవరి మొహం కళ్లలో మెదిలేదో మేం మాట్లాడుకోలేదు.

ఎండాకాలంలో ఒక మధ్యాహ్నం ఆ మేకల ఇంటామె, రాయి విసిరినవాడి తల్లి, నా ఇంటికి వచ్చింది. బస్టాండు నుంచి ఎండలో నడిచి వచ్చింది. నేరుగా నా వాకిట్లోకి రాలేదు. ఎదురింట్లో నీళ్లు అడిగి తాగి, మూతి తుడుచుకుని, ఆ తర్వాత వచ్చి నా మెట్టు కింద నిలబడింది. ఆమె, నేను ఒక ఈడువాళ్లం. చిన్నప్పుడు ఒకే చెరువులో బట్టలు ఉతికినవాళ్లం.

“వొదినా, నీతో ఒక మాట.”

“చెప్పు,” అన్నాను. పైకి రమ్మనలేదు.

“వాడికి కువైట్‌లో డ్రైవరు పని కుదిరింది. పోలీసోళ్ల కాయితం ఒకటి కావాలంట. కేసు ఉంటే అది ఇయ్యరంట. వీసాకి గడువు పెట్టినారు. మీ తమ్ముడు రాజీకి ఒప్పుకుంటే కేసు తెగిపోతాదని ప్లీడరు చెప్పినాడు. నువ్వు ఒక్క మాట చెప్తే ఆయన కాదనడు.”

“ఏమ్మే, మా వాడిని ఇట్ట గుడ్డోడిని చేసి మంచాన వేసి, మీ వాడు విమానం ఎక్కాల్నా?”

“కన్ను తెచ్చియ్యలేను గదా వొదినా. ఇయ్యగలిగితే నాదే తీసి ఇద్దును. వాడికి ఆడపిల్ల పుట్టింది. ఆటో సంపాదన వాయిదాలకు తిరగడానికే సరిపోయింది, ఆ ఆటో కూడా అమ్మేసినాం. నాలుగేళ్లు తిప్పినారు. చాలదా?”

లోపలి నుంచి తమ్ముడి గొంతు వచ్చింది. “ఎవురక్కా అది?”

చెప్పాను.

“నేను చచ్చినాక రమ్మను. అప్పుడు కేసు దానంతట అదే తెగిపోతాది.”

ఆమె విన్నది. ఏడవలేదు. చెప్పులు తొడుక్కోవడానికి వంగినప్పుడు నడుము పట్టుకుంది. ఆమె వీధి మలుపు తిరిగాక తమ్ముడు నన్ను పిలిచాడు. మొహం వెలిగిపోతోంది.

“చూసినావా అక్కా! పుస్తకాల్లో టోపీవోడు ఊర్లకు ఊర్లు తిరిగినాడు. నేను మంచం దిగకుండానే పట్టుకున్నా. నా తుపాకి ఆ కోర్టులో ఉండాది.”

నేను ఊ అన్నాను. ఆ పూట వాడు ఒక ముద్ద ఎక్కువ తిన్నాడు.

పది రోజుల తర్వాత, తమ్ముడి చేను చేస్తున్న కౌలుదారుతో మాట్లాడడానికి ఊరికి పోయాను. పని అయిపోయి బస్సు కోసం రోడ్డుకు నడిచి వస్తుంటే గుట్ట పక్కన ఆమె కనిపించింది. ఏడెనిమిది మేకలను తోలుకుంటూ చుట్టుదోవన చెరువుకు పోతోంది. అరవై దాటిన మనిషి. భుజం మీద ఒక మేకపిల్ల. ఒక మేక నడవలేక రాళ్లలో పడుకుండిపోయింది. ఆమె భుజం మీది పిల్లను దించి, ప్లాస్టిక్ సీసాలో నీళ్లు ఆ మేక మూతి మీద పోసి, కొమ్ములు పట్టి లేపింది. అది లేచి నాలుగడుగులు వేసి మళ్లీ కూలబడింది. ఆమె దాని పక్కనే కూలబడింది. అక్కడి నుంచి చూస్తే మా చేను, దాని అవతల చెరువు నీళ్లు తళతళమంటూ కనపడుతున్నాయి. అడ్డం లేకపోతే పది నిమిషాల నడక. ఆమె నన్ను చూసింది. నేనూ చూశాను. బస్సుకు వేళవుతోందని వచ్చేశాను.

మర్నాడు మధ్యాహ్నం తమ్ముడు గోతంలో చెయ్యి పెట్టి తడిమి ఒక పుస్తకం తీసి ఇచ్చాడు. అట్ట లేదు. ఏ కథో వాడికీ తెలియదు, నాకూ తెలియదు. చదవడం మొదలుపెట్టాను. ఒక లావుపాటి ఆసామి ఉంటాడు. ఏటి గట్టంతా తనదేనని ముళ్లతీగ లాగిస్తాడు. చిన్నవాళ్ల పశువులకు నీళ్లు లేకుండా చేస్తాడు. పశువులు నాలుకలు బయటపెట్టి పడిపోతుంటాయి. రెండు రోజులు అక్కడి దాకా చదివాను. మూడో రోజు ఒక కుర్రవాడు గుర్రం దిగి, తీగ తెంచే పనిముట్టు తీసుకుని, పాక్కుంటూ కంచె దగ్గరికి పోయే చోటుకు వచ్చాం.

తమ్ముడు మంచం మీద లేచి కూర్చున్నాడు. “కొయ్యిరా! కొయ్యి! చూస్తా ఉండావేంది?” అన్నాడు.

నేను చదవడం ఆపేశాను.

“ఏందక్కా ఆపినావు? అద్దాలు జారినాయా?”

“ఒరే, ఈ కథలో కంచె వేసినోడు మంచోడా, చెడ్డోడా?”

“అదేం ప్రశ్న? చెడ్డోడే గదా. నోరు లేని పశువుల్ని నీళ్లకాడికి పోనీకుండా దోవ...”

అక్కడ ఆగాడు.

చాటలో పప్పు అట్లాగే ఉంది. వాడు కంచె కథలు ఎన్ని చదివి ఉంటాడో. ముప్ఫై నలభై ఏళ్లుగా ప్రతి కథలోనూ ఒంటరిగా గుర్రం మీద పోయేవాడు తనేనని అనుకుంటూ చదివాడు. రాతి స్తంభాలు నాటించిన రోజు కూడా అట్లాగే అనుకుని ఉంటాడు. అట్ట మీది మనిషి టోపీ తీసి తన నెత్తిన పెట్టుకున్నాడు. కంచె వేసినవాడు ఎట్లా ఉంటాడో ఏ అట్ట మీదా బొమ్మ వేయరు.

ఆ తర్వాత వాడు నా వైపు మొహం తిప్పి, గొంతు పెంచకుండా అన్నాడు. “నువ్వు చెప్తేనే గదక్కా నేను కంచె వేసింది.”

ఈ సంగతి నేను ముందు చెప్పలేదు. కావాలనే చెప్పలేదు. ఆ ఏడు కంది కాపుకొచ్చినప్పుడు ఊరికి పోయి, కొరికేసిన కొసలు చూసి నేనే వాడిని నిలదీశాను. “పరాయి మేకలకు పండించి పెడతా ఉండావా? నోరు లేని ఎదవా, దోవ మూసెయ్” అన్నాను. వాడు నసిగాడు. తాతలనాటి దోవ అక్కా, వాళ్లు యాడికి పోతారు అన్నాడు. వాళ్లు యాడికి పోతే నీకెందుకన్నాను. ముళ్లతీగ చుట్టలు ఎంచడానికి ఆత్మకూరులో వాడి వెంట షాపుకు పోయింది నేనే. వస్తువు వృథా కావడం నేను చూడలేను. నా ఇంట్లో అన్నం మెతుకు కింద పడనివ్వను. ఆ గుణమే నాలుగు కంది కొసల కోసం అంత దూరం పోయింది.

“అవును. నేనే చెప్పినా,” అన్నాను.

“మరి నన్ను అడుగుతావేంది?”

“నిన్ను అడగలేదు. ఇద్దరినీ అడిగినా.”

వాడు పుస్తకం కోసం చెయ్యి చాపాడు. ఇచ్చాను. దాన్ని గోతంలో పడేసి గోడవైపు తిరిగి పడుకున్నాడు.

ఆ రోజు నుంచి చదవమని అడగలేదు. నేనే రెండుసార్లు అడిగాను. వద్దన్నాడు. మధ్యాహ్నాలు వాడు గోడవైపు తిరిగి పడుకుంటే, నేను వరండాలో కూర్చుని ఏదో ఒక పని కల్పించుకునేదాన్ని. ఒకనాటికి నేనే గుండె రాయి చేసుకుని వాడి మంచం పక్కన కూర్చుని చెప్పాను.

“అబ్బయా, వచ్చే వాయిదాకు రాజీకి ఒప్పుకో.”

“ఒప్పుకోను.”

“ఆమె మేకల్ని తోలుకొని గుట్ట చుట్టూ...”

“ఒప్పుకోనని చెప్పినా గదా! నీ మాట విని కంచె వేస్తే కళ్లు పోయినాయి. ఇప్పుడు నీ మాటే విని ఇది కూడా వదిలెయ్యాల్నా?” మంచం పట్టె పట్టుకుని లేచి కూర్చున్నాడు. “పొద్దున లేచి ఏం చూస్తాననుకున్నావు అక్కా నేను? ఏం కనపడతాదని లేస్తాను? వాడు ఇంకో వాయిదాకు రావాల, ఇంకోసారి చేతులు కట్టుకొని నిలబడాల, అది తలుచుకొనే లేస్తా. అదొక్కటే నాకు మిగిలింది. అది తీసేస్తే ఏం ఇస్తావు నాకు? చెప్పు.”

లేచి వచ్చేశాను. వాడి మాట నిజమే. పగ వాడికి కర్రలాగా ఉంది. దాన్ని పట్టుకునే మంచం దిగుతున్నాడు. దాన్ని లాగేసే హక్కు నాకు లేదు. ఆ ఇంటి పిల్లవాడి బతుకు మీద ఆ కర్ర ఆనించి ఉంది మరి. దీనికి ఏం చేయాలో నాకు తెలియలేదు. ఇప్పటికీ తెలియదు.

వాయిదా రోజు వచ్చింది. ఎప్పటిలాగే పెరుగన్నం క్యారియరులో సర్దాను. ఆటోలో వాడు క్యారియరును ఒళ్లో పెట్టుకుని కూర్చున్నాడు. కోర్టు గేటు ముందు దిగేటప్పుడు నా చెయ్యి పట్టుకుని ఆగాడు.

“ప్లీడరుకు చెప్పు. రాజీ.”

“ఏందిరా?”

“ఆ అట్ట లేని పుస్తకం గుర్తొచ్చింది. పెళ్లికి ముందే చదివినా దాన్ని. కంచె వేసినోడు చివర్లో చస్తాడు. వాడికోసం ఎవురూ ఏడవరు. పెళ్లాం కూడా ఏడవదు.”

అంతే. వాడిని లోపలికి నడిపించుకుపోయాను.

లోపల పని తొందరగానే అయిపోయింది. నాలుగేళ్లు నడిచింది టీ తాగినంతసేపట్లో తెగిపోయింది. ఇష్టపూర్వకంగానే ఒప్పుకుంటున్నావా అని జడ్జి అడిగితే తమ్ముడు అవునన్నాడు. ఎవరైనా బెదిరించారా అంటే లేదన్నాడు. వాడికి సంతకం చేయడం వచ్చు. కానీ గీత ఎక్కడుందో కనపడదు కాబట్టి వేలిముద్ర తీసుకున్నారు. వాడి బొటనవేలు నేనే పట్టుకుని సిరాలో అద్ది, కాగితం మీద నొక్కాను. ఎదుటివాడు కూడా సంతకం చేశాడు. చెంపలు పీక్కుపోయి, వెనక జుట్టు పలచబడింది. వాడికి ఇంకా ముప్ఫై రాలేదు.

వరండాలోకి వచ్చాక ఆమె నా దగ్గరికి వచ్చింది. నేనే ముందు మాట్లాడాను.

“ఇప్పుడు ఆ కాయితం ఇస్తారుగా. ఎప్పుడు పోతాడు?”

“యాడికి వొదినా?” అంది. “వీసా గడువు పోయిన నెలే తీరిపోయింది. వీడి బదులు ఇంకొకణ్ణి పంపినారంట.”

“ఇంకోటి చూసుకోలేడా?”

“దీనికే మిగిలిన మేకలన్నీ అమ్మి ఏజెంటుకు కట్టినాం. ఇప్పుడు వాడు ఫోను ఎత్తడం లేదు.” ఆమె గొంతులో నిష్ఠూరం లేదు. పొయ్యి మీద కూర మాడిపోయిందని చెప్పినట్లు చెప్పింది. “చిన్నదాని మొహం చూస్తే గదా వొదినా కష్టం. పోనీలే. వాయిదాలకు రాకుండా అయింది, అదే పదివేలు.”

ఆ రోజు ఎండలో నా మెట్టు కింద నిలబడి అడిగినప్పుడే నేను ఒక్క మాట చెప్పి ఉంటే. తమ్ముడు కాదని ఉండవచ్చు. కాదన్నా నేను చెప్పి ఉండాలి. ఏటిగట్టు కథలో మూలన కూర్చున్న ముసల్దాన్ని తిట్టుకున్నాను. ఆమె కనీసం ఏమీ రాజేయలేదు. నేను రాజేసి, ఆ తర్వాత మూలన కూర్చున్నాను.

ఆమె వెళ్లి కొడుకు పక్కన నిలబడింది. ఇద్దరూ చెట్టు నీడకు పోలేదు. రోడ్డంచునే నిలబడ్డారు.

తమ్ముడు స్తంభాన్ని ఆనుకుని ఉన్నాడు. మా మాటలు వాడికి వినపడ్డాయి. కాసేపటికి నా మణికట్టు దొరకబుచ్చుకున్నాడు.

“అక్కా, వాడు నావైపు చూసినాడా?”

“ఎప్పుడు?”

“లోపల. నేను వేలు వేసేటప్పుడు.”

“లేదు. కాయితం వైపు చూస్తా ఉన్నాడు.”

“బయటకొచ్చినాక?”

అబద్ధం చెబుదామనుకున్నాను. చూశాడు, తల దించుకున్నాడు అని ఒక్క ముక్క అంటే వాడికి కొన్నాళ్లు సరిపోతుంది. చెప్పలేకపోయాను.

“లేదురా. దుత్తలూరు బస్సు వస్తా ఉండాదేమోనని చూస్తా ఉండాడు.”

“ఇప్పుడు కూడానా?”

“ఇప్పుడు కూడా.”

వాడు తల ఊపాడు. నాలుగేళ్లు, తను మోసినట్లే అవతలవాడూ తనను మోస్తున్నాడనుకున్నాడు. పొద్దున లేస్తే వాడికీ తనే గుర్తొస్తాడనుకున్నాడు. అవతలవాడికి మా వాడు వానలు రాకపోవడం లాంటివాడు, బండి చెడిపోవడం లాంటివాడు. అడ్డం పడ్డాడు, పోయాడు. అంతకుమించి ఏమీ కాదు.

ఎండ పైకొస్తోంది, ఇంటికి పోదాం నడువు అన్నాను. వాడు కదల్లేదు. ఇంకాసేపు ఉందాం అన్నాడు. వాడు మొహం రోడ్డు వైపే పెట్టుకుని నిలబడ్డాడు. బస్సు వచ్చి, ఆ తల్లీకొడుకులు ఎక్కి, అది కదిలిపోయిన చప్పుడు వినపడకుండా పోయేదాకా మేం ఇద్దరం ఆ వరండాలోనే ఉన్నాం.